అత్తయ్య చెయ్యి పెట్టని సలాడ్

"మళ్ళీ కిటికీ దగ్గరికెళ్ళావు."

"ఏదో కారు చప్పుడైతేనూ."

"అది పక్కింటాయన బండి. దాని దగ్గు ఊరంతటికీ తెలుసు. నువ్విటొచ్చి పొయ్యి సంగతి చూడు. బొబ్బర్లు ఎక్కువ ఉడికితే సలాడ్‌కి పనికిరావు, పళ్ళు రాని పిల్లలకి పెట్టాలి."

"పొయ్యి ఎప్పుడో కట్టేశాను అత్తయ్యా. మీరే కట్టెయ్యమన్నారు."

"అన్నానా. అయితే వార్చెయ్."

"వార్చేశాను కూడా. అవిగో, చిల్లుల గిన్నెలో ఉన్నాయి."

జులై చివరి శనివారం పొద్దున్న. దక్షిణ కరోలినాలో, ఆరెంజ్‌బర్గ్ ఊరి చివర, గ్యాడ్సన్ల పాత ఇంటి వంటగది. మధ్యాహ్నం చర్చి వెనక మైదానంలో గ్యాడ్సన్లందరూ ఏటా కలిసినట్టే కలిసి భోంచేస్తారు. ఇంటికి పెద్దదైన ఎర్నెస్టీన్ కుడిచేతికి గుడ్డ కట్టుకుని కుర్చీలో కూర్చుంది. పని చేస్తున్నది రెనీటా. ఎర్నెస్టీన్‌ని మేనత్త అనే ఆ ఇంటి పిల్లవాడు డారియస్‌కి పదకొండేళ్ళు భార్యగా ఉండి, పోయిన చలికాలంలో విడాకులు తీసుకున్న మనిషి. పొద్దుటినుంచీ ఆమె కాళ్ళు ఒక్కచోట నిలవడం లేదు.

"చెయ్యెలా ఉందత్తయ్యా?"

"ఏ చెయ్యి?"

"మీ చెయ్యే. బెణికిందని రాత్రి ఫోన్ చేసి, బొబ్బర్లు నానేసి తెల్లారేసరికి పట్టుకు రమ్మన్నారుగా."

"ఆ, ఉంది. సలుపుతోంది. ముందు వెనిగర్ పోసెయ్. వేడి మీదుండగా పోస్తేనే గింజ తాగుతుంది. చల్లారాక పోస్తే అడుక్కి జారిపోతుంది. ఆ సీసా కాదు, మిరపకాయలు ఊరేసింది."

"ఎంత పొయ్యను?"

"నీ కంటికి ఎంత చాలనిపిస్తే అంత."

"నా కంటికేం తెలుసు? ఇన్నేళ్ళూ మీ పక్కన నిలబడి ఉల్లిపాయలు తరగడమే నా పని. ఆ సీసా ఒక్కసారైనా ముట్టుకోనిచ్చారా?"

"ఇవాళ ముట్టుకో."

"పోస్తున్నాను. చాలా?"

"నన్నడక్కు."

"మరెవర్నడగను? ఇంట్లో మనమిద్దరమే ఉన్నాం."

"వాసన చూడు. ముక్కు ఎగబీల్చేలా ఉంటే చాలు. తుమ్మొస్తే ఎక్కువైనట్టు."

"తుమ్మయితే రాలేదు."

"అయితే కలుపు. గరిటెతో పొడవకు, కిందనుంచి పైకి తియ్యి. అన్నం ఆరబోశావా?"

"రెండు పళ్ళేల్లో ఆరబోసి ఫ్యాన్ కింద పెట్టాను."

"మెతుకు మెతుకూ విడిగా ఉందా?"

"వచ్చి చూడండి."

"నేను చూడను. నువ్వు చెప్పు."

"విడిగానే ఉంది. అత్తయ్యా, మిమ్మల్ని ఒక మాటడగాలి."

"ఉల్లిపాయ ముక్కలు చన్నీళ్ళలో వేశావా?"

"వేశాను. నేనడిగేదేమిటంటే..."

"ఆ నీళ్ళు మార్చు. ఘాటు పోకపోతే పాస్టరుగారు మధ్యాహ్నమంతా తేనుస్తూ కూర్చుంటారు."

"మార్చాను. అత్తయ్యా, నేను..."

"సెలెరీ?"

"తరిగాను."

"ఆకులు పారేశావా?"

"ఆకులు పారెయ్యొద్దని నేర్పింది మీరే. పక్కన పెట్టాను. నన్నొక్క మాట పూర్తిగా మాట్లాడనిస్తారా?"

"మాట్లాడు. నోరు కట్టేశానా ఏమిటి. మాట్లాడుతూ ఆ క్యాప్సికమ్ తరుగు."

"ఇవాళ మధ్యాహ్నం నేను రావాలా వద్దా?"

"ఎక్కడికి?"

"ఎక్కడికేమిటి. చర్చి మైదానానికి. భోజనాలకి."

"ఆకలేస్తే ఎవరైనా వస్తారు."

"అది జవాబు కాదు."

"ఎండగా ఉంది, టోపీ తెచ్చుకున్నావా?"

"అదీ జవాబు కాదు. లొరెట్టా అత్త చొక్కాలు పంపింది, మీకు తెలుసా?"

"ఏటా పంపుతుందిగా. ఒక్కో అన్నదమ్ముడి సంతానానికి ఒక్కో రంగు. ఎక్కణ్ణుంచి చూసినా ఎవరి పిల్లలెవరో తెలియాలని దాని తాపత్రయం."

"డారియస్ వాళ్ళకి ఊదారంగు."

"ఊదానే. వాళ్ళ నాన్న ఐజయా బతికున్నప్పటినుంచీ అదే."

"జలీసాకి వచ్చింది ఊదా చొక్కా. డారియస్ తెచ్చిచ్చాడు. నా కూతురు దాన్ని రాత్రే వేసుకుని, అద్దం ముందు నాలుగు గిరికీలు కొట్టి, అమ్మా నీదేదీ అంది."

"ఏం చెప్పావు?"

"ఉతకడానికి వేశానన్నాను. తొమ్మిదేళ్ళ పిల్లకి అబద్ధం చెప్పాను."

"అంతలేసి ముక్కలు తరుగుతారా ఎవరైనా? చెంచాలో పట్టవు. సన్నగా తరుగు."

"మోనీక్‌కి కూడా ఊదా చొక్కా వెళ్ళిందట. పొద్దున్న వాళ్ళ నాన్న దగ్గర దింపుతుంటే జలీసాయే చెప్పింది."

"ఎవరా మోనీక్?"

"మీకు తెలీనట్టు అడక్కండి. డారియస్‌తో తిరుగుతున్న పిల్ల. బళ్ళో పంతులమ్మ."

"ఆ, ఆ పిల్లా. నవ్వితే చెంపకి సొట్ట పడుతుంది."

"సొట్టలు కూడా చూశారన్నమాట."

"నా కళ్ళేం పోలేదుగా. నువ్వు వాణ్ణి మళ్ళీ కావాలనుకుంటున్నావా?"

"డారియస్‌నా? ఛ. ఆ కథ మా ఇద్దరికీ అయిపోయింది. తప్పు వాడిదీ కాదు, నాదీ కాదు, ఇద్దరం ఒకరినొకరు కొరుక్కుతింటూ బతికాం. వాడా పిల్లతో సుఖంగా ఉంటే నాకేం బాధ లేదు."

"మరి దేనికీ గొడవంతా?"

"వాడు పోతే పోయాడు. మీరంతా పోతారనుకోలేదు."

"పార్స్‌లీ కడిగావా?"

"మీ మీద ఒట్టు, ఇంకోసారి కూరగాయ పేరెత్తారంటే ఈ చాకు ఇక్కడే పెట్టి వెళ్ళిపోతాను."

"సరే, ఎత్తను."

"నేను చెప్తాను, మీరు వినండి. మా అమ్మ పోయాక నాకంటూ ఎవరూ లేరు. తోబుట్టువుల్లేరు. మా నాన్న మొహం ఎలా ఉంటుందో నాకు తెలీదు. ఈ ఇంటికి మొదటిసారి వచ్చినప్పుడు ముప్ఫైమంది నన్ను కావలించుకున్నారు. నాకప్పుడు ఏడుపొచ్చింది. బాత్రూములోకి వెళ్ళి పంపు తిప్పుకుని ఏడ్చాను."

"తెలుసు."

"ఎలా తెలుసు?"

"పంపు అంతసేపు తిప్పితే ట్యాంకు ఖాళీ అయిపోయింది. నాకు తెలీకేం."

"నవ్వించకండి. ఇప్పుడు షార్లెట్‌లో ఉద్యోగం ఇస్తామంటున్నారు. ఆసుపత్రిలో. ఇక్కడికంటే మంచిది. సోమవారం అవునో కాదో చెప్పాలి."

"షార్లెట్ ఎంత దూరం లే."

"దూరం సంగతి కాదు. ఇక్కడ నాకు మనుషులుంటే ఇక్కడే ఉంటాను. లేకపోతే జలీసాని తీసుకుని వెళ్తాను. మీ నోటితో మీరు చెప్తే చాలు. రా అంటే వస్తాను, వద్దంటే వెళ్తాను. ఇలా మధ్యలో వేలాడలేను. రాత్రంతా నిద్ర లేదు. నీళ్ళలో నానుతున్న బొబ్బర్లకి నేను కాపలా."

"అన్నం ఆరింది. బొబ్బర్లలో వేసి కలుపు."

"అత్తయ్యా."

"కూరగాయ పేరెత్తలేదుగా."

గోడ మీద ఫోన్ మోగింది. రెనీటా చేతులు తడిగా ఉన్నాయి. ఎర్నెస్టీన్ లేచి వెళ్ళి, గుడ్డ కట్టిన చేత్తోనే అందుకుంది.

"చెప్పు లొరెట్టా. ఆ, అవుతోంది. ఎవరు చేస్తే నీకెందుకు, తినేటప్పుడు చెప్పు. ఆ, ఇక్కడే ఉంది. వినపడుతుందో లేదో దాన్నే అడుగు. లేదు, నేనింకా ఏం చెప్పలేదు. చొక్కాల సంగతి నన్నడిగే చేశావా నువ్వు? ఊఁ. ఊఁ. విడాకులైతే? అదే అడుగుతున్నాను, అయితే ఏమిటంట? లొరెట్టా, ఆ మాట నువ్వు నాతో అంటున్నావా? నాతోనా? ఏం, మాట్లాడవేం? ఉన్నావా లైన్లో? ఆ. సరే. ఐసు పెట్టెలు రెండు చాలవు, ఇంకోటి తీసుకురా. ఉంటాను."

"ఏమందావిడ?"

"ఐసు గురించి."

"నేనిక్కడే నిలబడి ఉన్నానత్తయ్యా. చెవులున్నాయి."

"విన్నదానివి మళ్ళీ అడగడమెందుకు?"

"మీవైపు మాటలే విన్నాను. విడాకులైనవాళ్ళకి అక్కడేం పని అంది కదూ?"

"దానికి నోరు జాస్తి. చిన్నప్పటినుంచీ అంతే."

"మరి మీరు నాతోనా అనగానే ఎందుకు చల్లబడిపోయింది?"

"నేను పెద్దదాన్ని కాబట్టి."

"ఫోన్ ఏ చేత్తో పట్టుకున్నారు?"

"చేత్తోనే పట్టుకున్నాను."

"బెణికిన చేత్తో. అంతసేపు."

"రాత్రి రాసిన మందు ఇప్పటికి పనిచేసినట్టుంది."

"ఏం మందు?"

"నీకెందుకు? అన్నం ఎక్కువవుతుందేమో చూసుకో. గింజా మెతుకూ సమానంగా కనపడాలి. మా అమ్మ హ్యాటీ ఉన్నప్పుడు అన్నం ఎక్కువైతే గిన్నె ఎత్తి చూపించి, ఇది సలాడా, నిన్నటి అన్నమా అనేది. అందరి ముందూ."

"అందుకే నాకు భయం. మీ వాళ్ళ నాలుకలు నాకు తెలుసు. టమీకా ఒక ఏడాది దీన్లో కిస్‌మిస్ వేసినందుకు ఏం చేశారు?"

"కిస్‌మిస్ వేసిన మనిషిని ఏం చెయ్యమంటావు? నెత్తిన పెట్టుకోమంటావా?"

"సొంత మేనకోడలు. ఈనాటికీ దానిచేత కాగితం పళ్ళేలు తప్ప ఏమీ తెప్పించుకోరు."

"కాగితం పళ్ళేలు కూడా పోయినేడు తక్కువ తెచ్చింది."

"చూశారా. ఈ ఇంట్లో పుట్టిన పిల్లనే అలా చేస్తే, నాబోటిదాన్ని ఏం చేస్తారు. ఇదిగో, కలిపాను. ఉల్లిపాయ ముక్కలు నీళ్ళు పిండేసి వేశాను. రుచి చూడండి."

"నేను చూడను."

"అదేమిటి? ఏటా మీరేగా చూసేది. నన్ను దరిదాపులకి రానిచ్చేవారు కాదు."

"నువ్వు చూడు. ఏం తక్కువైంది?"

"ఉప్పు. కాదు. ఉప్పుంది. పులుపూ ఉంది. అయినా ఏదో చప్పగా ఉంది."

"అయితే ఏం చేస్తావు?"

"ఏం చెయ్యాలి?"

"నన్నడక్కన్నానా."

"చెంచాడు మస్టర్డ్ వేస్తే? ఇంకా కాస్త చక్కెర. కాస్తే, చిటికెడు."

"ఈ ఇంట్లో దీంట్లో చక్కెర ఎవరూ వెయ్యలేదు."

"వద్దా అయితే?"

"వద్దన్నానా? ఎవరూ వెయ్యలేదన్నాను."

"మీరు నన్ను చంపుతున్నారు. వెయ్యనా మాననా?"

"నీ సలాడ్. నీ ఇష్టం."

"నా సలాడేమిటి? ఎర్నెస్టీన్ సలాడ్ అంటారు దీన్ని. కరోలినాలో ఉన్న గ్యాడ్సన్లు, న్యూయార్క్ నుంచి వచ్చే గ్యాడ్సన్లు, అందరూ దీనికోసమే ముందు వరసలో నిలబడతారు. దాంట్లో నేను చక్కెర వేసి, అది ఎవరికీ నచ్చక, గిన్నె నిండుగా అలాగే ఇంటికొచ్చిందనుకోండి. చొక్కా లేకపోవడం చాలక, ఆ సిగ్గొకటి."

"వేశావా?"

"వేశాను."

"చూడు ఇప్పుడు."

"బావుంది. అత్తయ్యా, నిజంగా బావుంది. ఒక్క చెంచా చూడండి."

"వద్దన్నాను."

"ఎందుకు? నా చేతి వంట రుచి చూడ్డానిక్కూడా మనసొప్పడం లేదా?"

"ఆ పచ్చగిన్నె తీసి దాంట్లో సర్దు. పైన సెలెరీ ఆకులు చల్లు."

"నాకిప్పుడు అర్థమైంది. మీరు నన్ను పిలిచింది సలాడ్ కోసం కాదు. మెత్తగా కూర్చోబెట్టి చెప్పడానికి. లొరెట్టా అత్త చెప్పమన్నది చెప్పడానికి. పొద్దుట్నుంచీ చెప్పలేక, ఉల్లిపాయా సెలెరీ అంటూ కాలక్షేపం చేస్తున్నారు."

"నేనలా అన్నానా?"

"అనలేదు. ఏమీ అనలేదు. అదే నా బాధ. చెప్పెయ్యండి. ఏడవను. పంపు కూడా తిప్పను."

"రెనీటా, కూర్చో."

"కూర్చోను. పొద్దుట్నుంచీ ముళ్ళ మీదున్నట్టుంది నాకు. ఇదిగో గిన్నె, ఇదిగో గరిటె. మూత పెట్టాను. డారియస్ వచ్చి మిమ్మల్నీ కుర్చీల్నీ తీసుకెళ్తాడుగా, దీన్నీ వాడిచేతే పెట్టించుకోండి. నేను వెళ్తాను. ఇది కారు చప్పుడే. ఇది పక్కింటాయనది కాదు."

"కాదు. డారియస్‌దే."

"ఎవరెవరున్నారు? నేను చూడను. మీరు చూడండి."

"వాడున్నాడు. జలీసా ఉంది. ముందు సీట్లో ఆ సొట్టబుగ్గల పిల్లా ఉంది."

"నేను వెనక గుమ్మంలోంచి వెళ్తాను."

"వెనక గొళ్ళెం బిగుసుకుపోయింది. రాదు."

"పొద్దున్న నేను దాంట్లోంచే వచ్చాను."

"ఆ తర్వాత బిగుసుకుంది."

వీధి తలుపు అవతల డారియస్ గొంతు. "అత్తా, వచ్చేశాం. తలుపు తియ్యి."

"కుర్చీలు వసారాలోనే ఉన్నాయి డారియస్. బండిలో సర్దుకో. లోపలికి రాకు, నేల తడిగా ఉంది."

"సరే అత్తా. తొందరగా రా, ఎండ ముదురుతోంది."

"నేలెక్కడ తడిగా ఉంది? మీరెన్ని అబద్ధాలాడతారు ఒక్క పూటలో?"

"ఇంట్లో ఆడినవి లెక్కలోకి రావు. చర్చి గడ్డ మీద మాత్రం నేను అబద్ధం ఆడను. ఇప్పుడు నోరు మూసుకుని నా మాట విను. బండిలో ఎక్కు. అక్కడ దిగాక గిన్నె నువ్వు పట్టుకో. ఇంకెవరికీ ఇవ్వకు. నేరుగా బల్ల దగ్గరికెళ్ళి పెట్టు. ఎవరూ అడక్కుండా నీ అంతట నువ్వు ఏమీ చెప్పకు."

"లొరెట్టా అత్త అడుగుతుంది. వదలదు."

"అడుగుతుంది. నిన్ను కాదు, నన్నడుగుతుంది. ఇది ఎవరు చేశారంటుంది. అప్పుడు నేను రెనీటా చేసిందని చెప్పాలి. అది నిజం కావాలి. నేను చిటికెడు ఉప్పు వేసినా, ఒక్క చెంచా చూసి ఇంకాస్త వెనిగర్ పొయ్యమన్నా, అది సగం నాదైపోతుంది. అందుకే పొద్దుట్నుంచీ చేతులు కట్టేసుకుని కూర్చున్నాను."

"చేతికి గుడ్డ అందుకా?"

"గుడ్డ లేకపోతే ఆగగలనా? ఆ క్యాప్సికమ్ ముక్కలు చూసి నా ప్రాణం ఎంత కొట్టుకుందో నాకే తెలుసు."

"ఆ మాట పొద్దున్నే చెప్పొచ్చుగా. నన్నింత వేపుకు తిన్నారు."

"చెప్తే భయపడి పొద్దున్నే పారిపోయేదానివి. వండేశాక పారిపోవడం కష్టం."

"నేను వెళ్ళలేనత్తయ్యా."

"ఎందుకు వెళ్ళలేవు?"

"బల్లంతా ఊదా, పసుపు, ఆకుపచ్చ. నేనొక్కదాన్నీ ఈ గళ్ళ గౌనులో. డారియస్ చూస్తాడు. మోనీక్ జాలిగా చూస్తుంది. అందరూ మాటలాపుతారు. నా కూతురు అన్నీ చూస్తుంది."

"చూడనీ."

"మీకేం, చూడనీ అంటారు. మీరు గ్యాడ్సన్ల ఇంటి ఆడబడుచు. హ్యాటీ మామ్మ కన్న కూతురు. మీరు వట్టి చేతులతో వెళ్ళినా లేచి కుర్చీ వేస్తారు. విడిపోయిన మొగుడి వాళ్ళ మధ్యకి, పిలవని పేరంటానికి గిన్నె పట్టుకుని నడిచెళ్ళడం ఎలా ఉంటుందో మీకేం తెలుసు?"

"తెలుసు."

"ఎలా తెలుసు?"

"నేను హ్యాటీ కన్న కూతురినని నీకెవరు చెప్పారు?"

"ఎవరో చెప్పడమేమిటి? మీరు మా అమ్మ అంటారు. ఈ ఇంట్లోనే ఉన్నారు. చివరిదాకా ఆవిణ్ణి చూసింది మీరే. డారియస్ మిమ్మల్ని మా నాన్న చెల్లెలు అంటాడు."

"వాడికి తెలీదు. వాడు పుట్టకముందు సంగతి. తెలిసినవాళ్ళలో లొరెట్టా ఒక్కతే మిగిలింది. ఐజయాకి రూఫస్ అని తమ్ముడుండేవాడు. నేను రూఫస్ పెళ్ళాన్ని."

"రూఫసా? ఆ పేరు నేనెప్పుడూ వినలేదు."

"ఎలా వింటావు. పనికని ఫిలడెల్ఫియా వెళ్ళాడు. అక్కణ్ణుంచి నాకు విడాకుల కాయితాలు పంపాడు. ఆ జులైలోనే కొత్త పెళ్ళాన్ని వెంటబెట్టుకుని ఈ భోజనాలకి దిగాడు."

"మరి మీరు?"

"మా అన్నయ్య ఇంట్లో ఒక మూల పడి ఉన్నాను. ఎవరూ నన్ను రమ్మనలేదు. వద్దనీ అనలేదు. నీకులాగే వేలాడాను. ముందురోజు రాత్రి బొబ్బర్లు నానేశాను. ఎందుకు నానేశానో నాకే తెలీదు, చేతులు ఊరుకోలేదు. మర్నాడు గిన్నె పట్టుకుని ఆ మైదానానికి అడ్డంగా నడిచాను. అందరూ మాటలాపేశారు."

"అయ్యో అత్తయ్యా."

"రూఫస్ చెల్లెలు లొరెట్టా అప్పుడు చిన్నది. అయినా అదే నోరు. బల్ల మీద చోటు లేదు, వెనక్కి పట్టుకెళ్ళు అంది. అందరికీ వినపడేట్టు."

"మరి హ్యాటీ మామ్మ? ఆవిడ అక్కడ లేదా?"

"ఉంది. చెట్టు నీడన కుర్చీలో కూర్చుని ఉంది. ఒక పక్కన కొడుకు, ఇంకో పక్కన కొత్త కోడలు. అప్పుడే భోజనం మొదలుపెట్టింది. అప్పటికి నేనావిణ్ణి అమ్మా అని పిలిచేదాన్ని కాదు, అత్తగారూ అనేదాన్ని. ఆ పూట ఏమని పిలవాలో తెలీక గిన్నె పట్టుకుని ఆవిడ ముందు నిలబడిపోయాను."

"ఆవిడేం చేసింది?"

"తన పళ్ళెంలో ఉన్నవన్నీ ఒక పక్కకి నెట్టి, చోటు చేసి, వడ్డించమని నావైపు చాపింది."